వంతెన తెగిన ఒడ్డున నిలబడిన సర్దారు

స్వర్ణోత్సవ సంచికకు ఏదైనా రాసి పంపమని మన పూర్వ విద్యార్థుల సంఘం వాళ్లు అడిగినప్పుడు మొదట వెనకాడాను. బడి జ్ఞాపకాలు నాకంటే బాగా రాయగలవాళ్లు మనలో చాలామంది ఉన్నారు. నేను నీటిపారుదల శాఖలో ఇంజనీరును. ముప్ఫై ఏళ్లుగా నేను రాసిందల్లా ఎస్టిమేట్లు, కొలతల పుస్తకాలు, పై అధికారులకు ఉత్తరాలు. అయితే ఈ బడిలో మొదలై ఇప్పటికీ నాతోనే ఉన్న ప్రశ్న ఒకటుంది. దాని గురించైతే రాయగలననిపించింది.

మాకు ఆంగ్లో-సిక్కు యుద్ధాల పాఠం చెప్పిన రోజు సోషల్ మాస్టారు బోర్డు మీద ఒక నది గీశారు. దానికి అడ్డంగా వరసగా చిన్న చిన్న పడవలు గీసి, ఇది పడవల వంతెన అన్నారు. తర్వాత డస్టరుతో మధ్యలో ఒక్క పడవను తుడిచేశారు. 1846లో సట్లెజ్ నది మీద జరిగింది ఇదేననీ, ఆ ఒక్క పడవ పోవడంతో వేలమంది నీళ్ల పాలయ్యారనీ చెప్పారు. ఒక ముసలి సర్దారు మాత్రం ఆ వంతెన వైపే చూడలేదట. ఎందుకు చూడలేదో రేపు ఆలోచించుకుని రమ్మన్నారు. మర్నాడు పరీక్షల హడావుడి మొదలైంది, మాస్టారు అడగలేదు, మేమూ చెప్పలేదు.

ఆ సర్దారు పేరు శ్యామ్ సింగ్ అటారీవాలా. మన పాఠ్యపుస్తకంలో ఆయన పేరు లేదు. పంజాబులో మాత్రం ఆయన తెలియని ఇల్లుండదు. కొన్నేళ్ల క్రితం శాఖ తరఫున ఉత్తరాది ప్రాజెక్టులు చూడటానికి వెళ్లినప్పుడు మమ్మల్ని హరికే హెడ్‌వర్క్స్‌కి తీసుకెళ్లారు. బియాస్ నది సట్లెజ్‌లో కలిసే చోటు అది. రాజస్థాన్ ఎడారికి నీళ్లిచ్చే ఇందిరాగాంధీ కాలువ అక్కడి నుంచే మొదలవుతుంది. గేట్లు, ఆప్రాన్, కాలువ తూములు చూసి అందరూ టీ తాగుతుంటే అక్కడి ఉద్యోగి ఒకాయన నది దిగువ వైపు చెయ్యి చూపించి, సోబ్రావ్ యుద్ధభూమి ఆ పక్కనే అన్నాడు. మాస్టారి నల్లబోర్డు ఒక్కసారిగా కళ్ల ముందు కదిలింది. ఆ ప్రయాణంలోనే అటారీ కూడా వెళ్లాను. తిరిగొచ్చాక దొరికిన పుస్తకాలన్నీ చదివాను. నేను తెలుసుకున్న జీవితం ఇది.

అటారీ అంటే మేడ. మన సంస్కృత పదం అట్టాలకానికి బంధువు. అమృత్‌సర్ నుంచి లాహోరు వెళ్లే దారిలో ఉన్న ఈ ఊరు ఒక సిద్ధూ జాట్ కుటుంబానికి స్థానం. ఇప్పుడు వాఘా సరిహద్దుకు వెళ్లే పర్యాటకులందరూ ఈ ఊరు దాటే వెళ్తారు. పాకిస్తాన్ వైపు వెళ్లే రైలు మార్గంలో మన దేశపు చివరి స్టేషను ఇదే, స్టేషను పేరే అటారీ శ్యామ్ సింగ్. పేరు చదివి ఫొటో తీసుకునేవాళ్లలో ఆ శ్యామ్ సింగ్ ఎవరని అడిగేవాళ్లు తక్కువ.

తండ్రి నిహాల్ సింగ్ మహారాజా రంజిత్ సింగ్‌కు నమ్మిన బంటు. ఆయన చావు గురించి పంజాబులో ఒక కథ చెప్పుకుంటారు. మహారాజుకు ప్రాణం మీదికి వచ్చినప్పుడు నిహాల్ సింగ్ ఆ మంచం చుట్టూ తిరిగి, ఆ జబ్బు తనకు రావాలని ప్రార్థించాడట. రాజు కోలుకున్నాడట, నిహాల్ సింగ్ మంచం పట్టి పోయాడట. హుమాయూన్ కోసం బాబరు చేశాడని చెప్పే కథే ఇది, కాకపోతే ఇక్కడ తండ్రీ కొడుకుల స్థానంలో సేవకుడూ ప్రభువూ ఉన్నారు. నిజమెంతో గానీ, ప్రభువు కోసం ప్రాణమివ్వడం మాటవరసకు అనేది కాదని నమ్మిన ఇల్లు అది. శ్యామ్ సింగ్ పెరిగింది ఆ ఇంట్లో.

తండ్రి తర్వాత జాగీరు, దాంతో పాటు రాజుకు గుర్రపు దళాన్ని సమకూర్చే బాధ్యత శ్యామ్ సింగ్‌కు వచ్చాయి. అవి లాహోరు రాజ్యం రెక్కలు విప్పుతున్న రోజులు. 1809లో అమృత్‌సర్ సంధితో సట్లెజ్ నది హద్దయింది. నదికి దక్షిణాన ఇంగ్లీషువాళ్ల ప్రాబల్యం, ఉత్తరాన రంజిత్ సింగ్. దక్షిణం వైపు దారి మూసుకుపోవడంతో రంజిత్ సింగ్ మిగిలిన దిక్కులకు తిరిగాడు. 1818లో ముల్తాన్ కోట పడింది. 1819లో కాశ్మీర్ వచ్చింది. తర్వాత పెషావర్ కోసం ఏళ్ల తరబడి పోరు సాగింది. ఈ దండయాత్రలన్నిటిలోనూ శ్యామ్ సింగ్ ఉన్నాడు. నెపోలియన్ సైన్యంలో పనిచేసిన వెంచూరా, అలార్డ్ వంటివారు 1822లో లాహోరు చేరి కొత్త పద్ధతిలో కాల్బలాన్ని, అశ్వబలాన్ని తయారు చేస్తున్న కాలమది. శ్యామ్ సింగ్ పాత తరం మనిషి. ఆయన బలం సొంత గుర్రాలు, సొంత ఊరి మనుషులు, తన మాట.

1837లో ఆయన కూతురు నానకీకి రంజిత్ సింగ్ మనవడు నౌనిహాల్ సింగ్‌తో పెళ్లయింది. ఇంగ్లీషు సేనాధిపతి సర్ హెన్రీ ఫేన్ అతిథిగా వచ్చాడు. ఆ వైభవాన్ని పంజాబు చాలాకాలం కథలుగా చెప్పుకుంది. మహారాజుతో వియ్యం, కాబోయే మహారాజుకు పిల్లనిచ్చిన మామ. అటారీ సర్దారుకు అంతకు మించి కావలసిందేముంది? కానీ ఆ వైభవం మూడేళ్లే నిలిచింది.

1839 జూన్ 27న రంజిత్ సింగ్ కన్నుమూశాడు. కొడుకు ఖరక్ సింగ్ గద్దెనెక్కాడు, 1840 నవంబరు 5న అతనూ పోయాడు. దహనం ముగించుకుని కోటకు తిరిగి వస్తున్న నౌనిహాల్ సింగ్ మీద అదే రోజు ద్వారం మీది రాతికట్టడం విరిగిపడింది. పంతొమ్మిదేళ్ల కుర్రవాడు బతకలేదు. ప్రమాదమా, కుట్రా అన్న సందేహం నేటికీ తీరలేదు. వియ్యపురాలు చాంద్ కౌర్ కొన్నాళ్లు పాలన చేపట్టింది, 1842లో దాసీల చేతుల్లో హత్యకు గురైంది. రెండేళ్లు తిరక్కుండా శ్యామ్ సింగ్ వియ్యంకుడినీ, అల్లుడినీ, వియ్యపురాలినీ పోగొట్టుకున్నాడు. కూతురు చిన్న వయసులోనే వితంతువైంది.

తర్వాత జరిగింది చదువుతుంటే తారీఖులు గుర్తుపెట్టుకోవడమే కష్టం. 1843 సెప్టెంబరులో మహారాజా షేర్ సింగ్‌ను, మంత్రి ధియాన్ సింగ్‌ను ఒకే రోజు చంపారు. ధియాన్ సింగ్ కొడుకు హీరా సింగ్ మంత్రి అయ్యాడు, 1844 డిసెంబరులో అతన్నీ చంపారు. రాణీ జిందాన్ అన్న జవాహర్ సింగ్ మంత్రి అయ్యాడు, 1845 సెప్టెంబరులో సైన్యమే అతన్ని చంపింది. గద్దె మీద ఉన్నది రంజిత్ సింగ్ చిన్న కొడుకు దులీప్ సింగ్, ఏడేళ్ల పసివాడు. పాలన తల్లి జిందాన్ చేతిలో, బలం సైన్యం చేతిలో. రెజిమెంటుకు కొందరు చొప్పున ఎన్నుకున్న పంచాయతీలే సైన్యం మాట నిర్ణయించేవి. లాల్ సింగ్ మంత్రి, తేజ్ సింగ్ సేనాధిపతి. ఇద్దరూ తమ సైన్యానికే భయపడే మనుషులు.

నది అవతల ఇంగ్లీషువాళ్లు ఇదంతా చూస్తూనే ఉన్నారు. ఫిరోజ్‌పూర్‌లో బలగాలను పెంచారు. వంతెన వెయ్యడానికి పనికొచ్చే పడవలను బొంబాయిలో తయారు చేయించి సట్లెజ్‌కు చేర్చారు. నది మీద పనిచేసే మనిషిగా ఈ సంగతి నన్ను ఆపింది. రాజకీయనాయకులు ఏ మాటలైనా చెప్పవచ్చు. కానీ వంతెన సామాను ఊరికే మోసుకురారు, ఎక్కడికో దాటాలనుకున్నవాడే తెచ్చుకుంటాడు.

1845 డిసెంబరు 11న సిక్కు సైన్యం సట్లెజ్ దాటడం మొదలుపెట్టింది. రెండు రోజులకు గవర్నర్ జనరల్ హార్డింజ్ యుద్ధం ప్రకటించాడు. 18న ముద్కీ, 21, 22 తేదీల్లో ఫిరోజ్‌షా. ఫిరోజ్‌షాలో ఇంగ్లీషు సైన్యం ఓటమి అంచు దాకా వెళ్లింది. రెండో రోజు వాళ్ల దగ్గర మందుగుండు దాదాపు అయిపోయిన వేళ తేజ్ సింగ్ కొత్త బలగంతో వచ్చాడు, చూశాడు, వెనుదిరిగాడు. ఇంగ్లీషువాళ్లే నమ్మలేకపోయారు. జనవరి 28న అలీవాల్ దగ్గర సిక్కులు ఓడిపోయారు.

ఇంత జరుగుతున్నా శ్యామ్ సింగ్ యుద్ధంలో లేడు. ఇది ముఖ్యం. ఆయన ఈ యుద్ధం వద్దన్న మనిషి. ఇంగ్లీషువాళ్ల మీద ప్రేమ ఉండి కాదు. నడిపించేవాళ్లు ఎవరో, వాళ్లు దీన్ని ఎటు నడిపిస్తారో ఆయనకు తెలుసు. కొడుకు పెళ్లి పనులు చూసుకుని అటారీలో ఉండిపోయాడు. రాణీ జిందాన్ ఆయన ఇంటికి పదిమంది రౌతులను పంపి, సర్దారు కదిలి సైన్యంలో చేరేదాకా వాళ్లను అక్కడే ఉండమన్నదని చెబుతారు. యుద్ధాన్నీ, లాల్ సింగ్, తేజ్ సింగ్‌ల తీరునూ తప్పుపడుతూ ఆయన జవాబు రాశాడట. చావుకు భయపడి ఇంట్లో కూర్చున్నాడన్న నింద తిరిగొచ్చిందట. ఆ నింద విన్నాక ఆయన ఇంట్లో ఉండలేదు.

ఆ నిందకే వెళ్లాడా అని చాలాసార్లు ఆలోచించాను. నాకలా అనిపించదు. అప్పటికి ఇరవై వేలకు పైగా సైనికులు సట్లెజ్ ఎడమగట్టున, నదిని వీపు వెనక పెట్టుకుని, కందకాల్లో ఉన్నారు. వాళ్లలో తన ఊరివాళ్లున్నారు, తనతో పెషావర్ చూసినవాళ్ల కొడుకులున్నారు. యుద్ధం మంచిదా చెడ్డదా అన్న చర్చకు అప్పటికే వేళ మించింది. వాళ్లు అక్కడ ఉన్నారు, అంతే. పెద్దవాడు ఎక్కడుండాలన్నదే మిగిలిన ప్రశ్న.

ఇప్పుడు ఆ స్థలం గురించి ఇంజనీరుగా నాలుగు మాటలు. నది వంపులో అర్ధచంద్రాకారంగా కట్ట పోశారు, రెండు కొసలూ నదికి ఆనుకున్నాయి. ఆ రక్షణకు ప్లాను వేసింది ఒక స్పానిష్ ఇంజనీరు. మధ్యలో, ఎడమవైపు కట్ట ఎత్తుగా, గట్టిగా ఉంది, ఫిరంగులు నిలిపారు. కుడివైపు నేల వదులు ఇసుక. ఇసుకలో ఎత్తైన కట్ట నిలవదు, బరువైన ఫిరంగి నిలవదు. గోదావరి లంకల్లో కాఫర్ డ్యామ్ వేసినవాడికెవడికైనా ఈ బాధ తెలుసు. వెనక నది మీద ఒకే ఒక్క పడవల వంతెన. ఇరవై వేల మంది రాకపోకలకు, తిండికి, మందుగుండుకు, గాయపడ్డవాళ్లను చేర్చడానికి ఆ ఒక్కటే దారి. పైన కొండల్లో వానలు పడి నీటిమట్టం పెరిగింది, మామూలుగా నడిచి దాటే రేవులు మునిగిపోయాయి. ఒక్క వంతెన మీద ఇంత భారం పెట్టినప్పుడు దాని కాపలా సేనాధిపతి మొదటి పని. ఇక్కడ దానికి శత్రువు సేనాధిపతే.

యుద్ధానికి ముందు రోజు తేజ్ సింగ్ శ్యామ్ సింగ్‌ను కలిసి, మొదటి దాడి జరగగానే తనతో పాటు వచ్చెయ్యమన్నాడట. శ్యామ్ సింగ్ ఒప్పుకోలేదు. అంత ధైర్యముంటే ప్రమాణం చెయ్యమని తేజ్ సింగ్ ఎత్తిపొడిచాడు. మాటకు మాటగా అన్న ఆ ఎత్తిపొడుపును సర్దారు మాటగానే తీసుకున్నాడు. గురు గ్రంథ్ సాహిబ్‌ను తెప్పించి, ఖాల్సా ఓడిపోతే ఈ కందకాలు దాటి ప్రాణంతో వెళ్లనని ప్రమాణం చేశాడు.

1846 ఫిబ్రవరి 10 తెల్లవారుజామున దట్టమైన మంచు. శ్యామ్ సింగ్ తెల్లని బట్టలు కట్టుకున్నాడు. నగలు లేవు, జరీ లేదు. చావుకు సిద్ధమైనవాడి బట్టలవి. తెల్లని గుర్రమెక్కి వరస వెంట తిరుగుతూ, వెన్ను చూపవద్దని సైనికులకు చెప్పుకున్నాడు. అప్పటికి ఆయన వయసు అరవైకి చేరువ. దాదాపు ఇప్పటి నా వయసే అనుకోవచ్చు. మోకాళ్ల నొప్పులతో సైటు దిగాలంటే ఆలోచించే వయసు.

మంచు విడగానే ఇంగ్లీషు ఫిరంగులు మొదలయ్యాయి. రెండు గంటలకే వాళ్ల పెద్ద ఫిరంగులకు మందుగుండు తగ్గింది. సేనాధిపతి గఫ్ పదాతి దళాన్ని పంపాడు. మొదటి దెబ్బ పడింది కుడివైపు, ఆ ఇసుక నేల మీద, కట్ట బలహీనంగా ఉన్న చోట. అది బలహీనమైన చోటని వాళ్లకు ముందే తెలుసునని చాలామంది చరిత్రకారులు రాశారు. అయినా సిక్కులు వాళ్లను వెనక్కి నెట్టారు. మధ్యలో, ఎడమవైపున జరిగిన దాడులు కూడా మొదట్లో తిరగబడ్డాయి. ఇంగ్లీషు జనరల్ రాబర్ట్ డిక్ ఆ యుద్ధంలోనే చనిపోయాడు. తర్వాత కట్ట ఒకచోట తెగింది. కాలువ గట్టుకు గండి పడినట్టే, ఒకచోట తెగాక మిగతాచోట్ల నిలవడం కష్టం.

తేజ్ సింగ్ మొదటి దాడి వేళకే వంతెన దాటి వెళ్లిపోయాడు. వెళ్తూ వంతెన మధ్యలో ఒక పడవను ముంచాడని ఆనాటి వాళ్లు రాశారు, కావాలని చేశాడా, పొరపాటునా అన్నది మాత్రం తేల్చలేదు. మాస్టారు డస్టరుతో తుడిచిన పడవ అదే. వెనక్కి తగ్గుతూ వచ్చిన వేలమంది బరువుకు, పెరిగిన నీటి ఉరవడికి, మధ్యలో తెగిన వంతెన విరిగిపోయింది. ఇంగ్లీషు ఫిరంగులు నదిలో ఉన్నవాళ్ల మీదికి తిరిగాయి. మధ్యాహ్నం కాకముందే అంతా అయిపోయింది. సిక్కుల వైపు వేలమంది పోయారు, 67 ఫిరంగులు పోయాయి. ఇంగ్లీషువాళ్ల వైపు చనిపోయినవాళ్లు, గాయపడ్డవాళ్లు కలిపి రెండు వేల మూడు వందలకు పైనే. లొంగిపోతామని చేతులెత్తిన సిక్కు సైనికుడు లేడని గెలిచినవాళ్లే రాసుకున్నారు.

ఓటమి ఖాయమయ్యాక శ్యామ్ సింగ్ నది వైపు తిరగలేదు. కత్తి దూసి గుర్రాన్ని ఎదురుగా ఇంగ్లీషు 50వ రెజిమెంటు మీదికి ఉరికించాడు. వెంట యాభై మంది దాకా వెళ్లారు. ఆయన ఒంట్లో ఏడు తూటాలు దిగాయి. సాయంత్రం ఆయన సేవకులు నది ఈదుకుని వచ్చి, శవాన్ని వెతుక్కోనివ్వమని ఇంగ్లీషువాళ్లను వేడుకున్నారు. వాళ్లు ఒప్పుకున్నారు. పీనుగులు దట్టంగా పడి ఉన్నచోట తెల్లబట్టలు కనిపించాయి. శవాన్ని తెప్ప మీద పెట్టి, తాము ఈదుతూ అవతలి ఒడ్డుకు తోసుకుంటూ వెళ్లారు. వంతెన లేని నదిని ఆయన చివరికి అలా దాటాడు. మూడో రోజుకు అటారీ చేరాడు.

అప్పటికే ఆయన భార్య, భర్త తిరిగిరాడని తెలిసి, ఆయన పెళ్లినాటి బట్టలతో చితి ఎక్కింది. పంజాబులో చివరి సతి ఇదేనని రాసినవాళ్లున్నారు. ఈ భాగం దగ్గర నేను ఎప్పుడూ ఆగిపోతాను. భర్త ప్రమాణానికి తలవంచుతాను. ఆమె చావుకు మాత్రం తలవంచలేను, బాధపడగలను అంతే. ఆమె బతికి ఉంటే చిన్న వయసులో వితంతువైన కూతురికి తల్లయినా మిగిలేది.

గెలిచినవాళ్లు అదే రాత్రి ఫిరోజ్‌పూర్ దగ్గర తమ పడవల వంతెన మీదుగా సట్లెజ్ దాటారు, ఫిబ్రవరి 20న లాహోరు చేరారు. మార్చి 9 నాటి సంధిలో జలంధర్ దోఆబ్ పోయింది, కోటిన్నర రూపాయల జరిమానా పడింది. ఖజానాలో అంత డబ్బు లేదు. దాని బదులు కొండప్రాంతాలు రాసిచ్చారు. శ్యామ్ సింగ్ తరం 1819లో గెలిచి తెచ్చిన కాశ్మీర్‌ను వారం రోజులకే ఇంగ్లీషువాళ్లు 75 లక్షలకు జమ్ము గులాబ్ సింగ్‌కు ఇచ్చేశారు. తేజ్ సింగ్‌కు 1847లో రాజా బిరుదు దక్కింది. ఆ దర్బారులో తేజ్ సింగ్ నుదుట తిలకం పెట్టమంటే పసివాడు దులీప్ సింగ్ చేతులు వెనక్కి తీసుకున్నాడు. ఎనిమిదేళ్ల పిల్లవాడికి తెలిసిన సంగతి పెద్దలకు తెలియదా?

రెండేళ్లలో మళ్లీ యుద్ధం వచ్చింది. ఈసారి ఇంగ్లీషువాళ్లను చిలియన్‌వాలాలో ముప్పుతిప్పలు పెట్టిన షేర్ సింగ్ కూడా అటారీ వంశం వాడే. 1849 మార్చి 29న పంజాబు కంపెనీ పాలనలో కలిసిపోయింది. దాంతోపాటే కోహినూరు వజ్రం కూడా చేతులు మారింది. మన కృష్ణ ఒడ్డున కొల్లూరు గనిలో దొరికిందని ఎక్కువమంది నమ్మే ఆ వజ్రం, ఎన్నో గద్దెలు మారి లాహోరులో ఉండగా, పదేళ్ల దులీప్ సింగ్ చేత ఇంగ్లండు రాణికి ఇప్పించారు.

ఇంతకీ శ్యామ్ సింగ్ చివరి ఉదయం గురించి మనకు ఎలా తెలుసు? పంజాబీలో షా మొహమ్మద్ అనే ముస్లిం కవి ఆ యుద్ధం మీద రాసిన జంగ్‌నామాలో ఆయన ఉన్నాడు. ప్రజలు చెప్పుకున్న కథల్లో ఉన్నాడు. వీటితో పాటు, ఎదుటి పక్షంలో ఉన్న ఒక ఇంజనీరు పుస్తకంలోనూ ఉన్నాడు. నన్ను ఈ కథకు కట్టిపడేసింది ఆ ఇంజనీరే.

ఆయన జోసెఫ్ డేవీ కన్నింగ్‌హామ్, బెంగాల్ ఇంజనీర్స్ దళంలో అధికారి. మన గోదావరికి ఆనకట్ట కట్టిన కాటన్ దొర చదివిన అడిస్‌కోంబ్ సైనిక కళాశాలలోనే చదివాడు. కాటన్ మద్రాసు ఇంజనీర్స్‌లో చేరితే ఈయన బెంగాల్ ఇంజనీర్స్‌లో చేరాడు. ధవళేశ్వరంలో కాటన్ ఆనకట్ట పని నడుస్తున్న ఏళ్లలోనే కన్నింగ్‌హామ్ సిక్కుల చరిత్ర రాశాడు. సోబ్రావ్ యుద్ధంలో తాను స్వయంగా ఉన్నాడు. తెల్లబట్టల సర్దారు ప్రమాణాన్ని, చావును శత్రువన్న చిన్నచూపు లేకుండా రాశాడు. అంతటితో ఆగి ఉంటే ఎవరూ ఏమీ అనేవాళ్లు కాదు. కానీ ఆ గెలుపు వెనక లాహోరు పెద్దలతో తమవాళ్లకు ముందే అవగాహన ఉందని కూడా రాశాడు. సైన్యాన్ని దాని ప్రభుత్వమే వదిలేసేటట్టు, నది దాటడానికి అడ్డు లేకుండా ఉండేటట్టు మాటలు జరిగాయని రాశాడు. 1849లో పుస్తకం వచ్చింది. రాజకీయ శాఖలో ఉన్న పదవి నుంచి ఆయన్ని తొలగించి మామూలు సైనిక విధులకు పంపేశారు. 1851లో, నలభై ఏళ్లు నిండకుండానే, అంబాలాలో చనిపోయాడు.

ఒకరు ఓడిన పక్షం, ఒకరు గెలిచిన పక్షం. ఇద్దరి పైవాళ్లూ ఒకరితో ఒకరు బేరం కుదుర్చుకున్నారు. కింద నిలబడిన ఇద్దరిలో ఒకరు తన మాటకు ప్రాణం చెల్లించారు, ఇంకొకరు తాను చూసింది రాసినందుకు ఉద్యోగం చెల్లించారు. రెండోవాడు లేకపోతే మొదటివాడి కథ మనదాకా ఇంత స్పష్టంగా వచ్చేది కాదు.

ఇక్కడ నా సంగతి ఒకటి చెప్పకుండా వ్యాసం ముగించడం న్యాయం కాదు. ఉద్యోగంలో చేరిన కొత్తల్లో ఒక చిన్న కాలువ లైనింగ్ పని నా చేతికి వచ్చింది. మందం కొలవాల్సిన రోజు నేను చివరి రెండు రీచులకు వెళ్లలేదు. మార్చి నెలాఖరు, బిల్లు తొందర. పైనుంచి మాట వచ్చింది, ఎం-బుక్‌లో సంతకం పెట్టాను. ఎవరూ చనిపోలేదు, ఏ వంతెనా కూలలేదు. రెండో సీజనుకే అక్కడ లైనింగ్ పెచ్చులూడింది, చివరి ఆయకట్టుకు నీళ్లు అందలేదు. ఒక ముసలి రైతు ఆఫీసుకొచ్చి, నన్ను తిట్టలేదు, బాబూ మీరు చూశారా ఆ పని అని మాత్రం అడిగాడు. చూశానని చెప్పాను. ఆ అబద్ధం నేను ఎవరి బలవంతం మీదా చెప్పలేదు. ఆ తర్వాత ఇన్నేళ్లలో కొలవకుండా ఒక్క సంతకం పెట్టలేదు. దానివల్ల రెండు బదిలీలు చూశాను. అవి పెద్ద త్యాగాలేమీ కావు. పిల్లల బడి మారింది, ఇల్లు మారింది, అంతే. కానీ హరికేలో ఆ నీళ్లు చూస్తూ నిలబడినప్పుడు నాకు ముందుగా గుర్తొచ్చింది ఆ ముసలి రైతు ముఖం.

మాస్టారు అడిగిన ప్రశ్నకు నలభై ఏళ్లు ఆలస్యంగా నా జవాబు ఇది. సర్దారు వంతెన వైపు ఎందుకు చూడలేదు? వంతెన తెగుతుందని ఆయనకు తెలుసు కాబట్టి అని ఒకప్పుడు అనుకున్నాను. అది సగం జవాబే. వంతెన నిలిచి ఉన్నా ఆయన చూసేవాడు కాదు. యుద్ధం వద్దని చెప్పే వేళ ఉన్నప్పుడు, ఇంట్లో కూర్చున్నవాడన్న పేరు వస్తుందని తెలిసీ, ఆ మాట చెప్పాడు. చెప్పే వేళ దాటిపోయి, నమ్మినవాళ్లు కందకాల్లో ఉన్నప్పుడు, వాళ్ల దగ్గరికి వెళ్లాడు. రెండూ ఒకే మనిషి చేసిన పనులు. మొదటిది చేసినవాడు రెండోది మానేస్తే పిరికివాడంటాం. మొదటిది మాని రెండోది మాత్రమే చేస్తే మూర్ఖుడంటాం. రెండూ చేసినవాళ్లు చరిత్రలో తక్కువ.

అటారీలో ఆయన సమాధి ఉంది. ఏటా ఫిబ్రవరి 10న అక్కడ ఆయన్ని తలుచుకుంటారు. నేను వెళ్లింది మామూలు రోజు. ఎవరో ఇద్దరు పిల్లలు బడి సంచులు పక్కన పడేసి ఆడుకుంటున్నారు. నేను చెప్పులు విప్పి కాసేపు నిలబడి వచ్చాను.

మన సోషల్ మాస్టారు ఇప్పుడు లేరు. ఈ సంచిక ఆయన చేతిలో పెట్టగలిగితే, ఎర్ర పెన్ను తీసి తారీఖులు సరిచూసి, ఆ తర్వాతే బాగుందో లేదో చెప్పేవారు. ఇప్పుడు మన బడిలో చదువుతున్న పిల్లలకు ఒక్క మాట. పాఠంలో ఒక్క వాక్యంలో అయిపోయిన యుద్ధాల గురించి మీ మాస్టార్లను అడగండి. జవాబు మర్నాడే దొరకకపోయినా ఫరవాలేదు. నాకు దొరకడానికి నలభై ఏళ్లు పట్టింది.